బండి రిలీజ్ ఆర్డర్ మీద పై కోర్టుకు పోతే ఏమైతది? – పాఠకుల ప్రశ్నలు, వకీలు జవాబులు

ఈసారి వచ్చిన ఉత్తరాల్ల ఎక్కువ భాగం పట్టుబడ్డ బండ్ల గురించే ఉన్నయి, అండ్ల కూడా రిలీజ్ ఆర్డర్ వచ్చినంక మొదలైన తిప్పల గురించే ఎక్కువ రాసిన్రు. నల్లగొండల చూసినా పాలమూరుల చూసినా పోలీస్ స్టేషన్ వెనకాల బండ్ల పరిస్థితి ఒక్క తీరే ఉంటది, టైర్లు కూసుంటయి, బ్యాటరీ పోతది, వానకు సీట్లు మురుగుతయి, ఫైనాన్స్ కిస్తీ మాత్రం నెల నెలా పడుతనే ఉంటది. అందుకే ఈ నెల కాలమ్ మొత్తం దీనికే ఇస్తున్న. ఒక్క సంగతి ముందే చెప్త, 2024 జులై 1 నుంచి క్రిమినల్ కేసులు నడిపే పాత చట్టం సీఆర్‌పీసీ పోయి కొత్త చట్టం బీఎన్ఎస్ఎస్ వచ్చింది, కానీ కోర్టు ఆవరణల బండి రిలీజ్ సెక్షన్లను ఇప్పటికీ అందరూ 451, 457 అనే అంటున్నరు, కాబట్టి గుర్తు పెట్టుకోండి, 451 ఇప్పుడు 497, 457 ఇప్పుడు 503, రివిజన్, అంటే కింది కోర్టు ఆర్డర్‌ను పై కోర్టు మళ్ల చూసుడు, దాని సెక్షన్ 397 ఇప్పుడు 438.

ప్రశ్న: వకీల్ సాబ్ నమస్తే. మాది హాలియా దగ్గర పల్లె. నాకు ఒక ట్రాక్టర్ ఉంది, కిరాయికి తోలిస్త. డ్రైవర్ రాత్రి పూట వాగుల ఇసుక నింపుతుంటే పోలీసోళ్లు ట్రాక్టర్, ట్రాలీ రెండూ పట్టుకపోయిన్రు. దొంగతనం సెక్షన్ పెట్టిన్రు, మైనింగ్ చట్టం కూడా పెట్టిన్రు. మేజిస్ట్రేట్ కోర్టుల పిటిషన్ వేస్తే రిలీజ్ ఇచ్చిన్రు, ఇద్దరు జమానతుదార్లను కూడా తీస్కపోయిన. ఆర్డర్ పట్టుకొని స్టేషన్‌కు పోతే, దీని మీద సర్కారు సెషన్స్ కోర్టుల రివిజన్ వేసింది, స్టే వచ్చింది, బండి ఇయ్యం అన్నరు. కోర్టు ఇచ్చినంక మళ్ల సర్కారు పైకి పోవచ్చునా? నాకు ఒక్క నోటీసు కూడా రాలేదు. ఇప్పుడు నేను ఏం చెయ్యాలె?
– ఒక ట్రాక్టర్ ఓనర్, హాలియా మండలం

జవాబు: అన్నా, స్టే వచ్చిందంటే బండి పోయినట్టు కాదు, ముందు ఆ భయం తీసెయ్యి. సర్కారు పైకి పోవచ్చునా అంటే పోవచ్చు. మేజిస్ట్రేట్ నీ పిటిషన్ కొట్టేస్తే నువ్వు ఎట్ల పోతవో, నీకు అనుకూలంగా ఇస్తే పీపీ, అంటే సర్కారు వకీలు, ద్వారా వాళ్లు గూడ అట్లనే పోతరు. సెక్షన్ 438 కింద సెషన్స్ జడ్జి గానీ హైకోర్టు గానీ కింది కోర్టు రికార్డు తెప్పించుకొని, ఆ ఆర్డర్ చట్ట ప్రకారం ఉన్నదా, సబబుగా ఉన్నదా, సరిగ్గ ఉన్నదా అని చూస్తయి, చూసేదాక ఆర్డర్ అమలు ఆపే అధికారం కూడా అదే సెక్షన్ల ఉన్నది. నీకు చెప్పిన స్టే అదే. అయితే స్టేషన్ల నోటి మాట మీద నమ్మి ఇంటికి రాకు, సెషన్స్ కోర్టుల కేసు నంబర్ కనుక్కొని స్టే ఆర్డర్ కాపీ తీస్కో, ఎందుకంటే కొన్నిసార్లు రివిజన్ వేసింది నిజమే ఉంటది గానీ స్టే ఇంకా రాదు, రివిజన్ వేసినంత మాత్రాన కింది ఆర్డర్ దానంతట అదే ఆగిపోదు. స్టే లేకుంటే ఎస్ఐ గారు బండి ఇయ్యాల్సిందే.

ఇగ నోటీసు సంగతి, నీ కేసుల అన్నిటికంటే గట్టి పాయింట్ ఇది. రివిజన్ల ఎవరికైనా నష్టం జరిగే ఆర్డర్ ఇచ్చే ముందు ఆ మనిషికి, సొంతంగా గానీ వకీలు ద్వారా గానీ, చెప్పుకునే అవకాశం ఇయ్యాలె అని సెక్షన్ 442ల రాసి ఉన్నది, పాత 401 అన్నట్టు, సెషన్స్ కోర్టుకు కూడా అదే వర్తిస్తది. స్టే వరకైతే ముందు ఇచ్చి తర్వాత నోటీసు పంపుతరు, అది మామూలే, కానీ నీ మాట వినకుండ రిలీజ్ ఆర్డర్‌ను మొత్తానికి కొట్టేస్తే ఆ ఒక్క కారణం మీదనే అది నిలబడదు. రివిజన్ల నిన్ను పార్టీగ చేర్చిన్రా లేదా చూడు. కొన్నిసార్లు సర్కారు వర్సెస్ డ్రైవర్ అని వేస్తరు, ఓనర్ పేరే ఉండదు. అట్ల ఉంటే వెంటనే వకాలత్ వేసి, బండి నాది, రిలీజ్ ఆర్డర్ నా పేరు మీద వచ్చింది, నన్ను వినండి అని పిటిషన్ పెట్టాలె. నోటీసు వచ్చినప్పుడు చూద్దాం అని కూసుంటే వాయిదాలు నువ్వు లేకుండనే గడుస్తయి.

తర్వాత, అసలు ఈ రివిజన్ నడుస్తదా అనేది. సెక్షన్ 438 రెండో సబ్ సెక్షన్ ప్రకారం మధ్యంతర ఆర్డర్ల మీద, అంటే ఇంటర్‌లోకుటరీ ఆర్డర్ల మీద, రివిజన్ లేదు. బండిని కేసు తేలేదాక ఓనర్‌కు అప్పజెప్పుడు మధ్యంతర ఆర్డర్ కిందికి వస్తదా రాదా? ఇక్కడ దేశంల హైకోర్టులు ఒక్క మాట మీద లేవు. ఇది తాత్కాలికంగ అప్పజెప్పుడే, ఎవరి హక్కూ తేల్చలేదు కాబట్టి రివిజన్ లేదు అని కొన్ని తీర్పులు, లేదు, బండి కోసం వచ్చినోని వరకు ఆ పిటిషన్ అక్కడితోటి అయిపోతది కాబట్టి రివిజన్ ఉంటది అని కొన్ని తీర్పులు. 1977ల సుప్రీంకోర్టు అమర్‌నాథ్ కేసుల, అదే ఏడాది మధు లిమాయే కేసుల చెప్పింది ఏందంటే, తుది ఆర్డర్ కానిదల్లా ఇంటర్‌లోకుటరీ అనుకోవద్దు, మధ్యల ఇంకో రకం ఉన్నది, మనిషి హక్కును గట్టిగ తాకే ఆర్డర్ అయితే దాని మీద రివిజన్ ఆగదు అని. రెండు పక్కలా ఇదే తీర్పులు చదువుతరు. నా మట్టుకు నాకు అనిపించేది, రిలీజ్ ఇయ్యం అని కొట్టేసిన ఆర్డర్ ఓనర్ హక్కును నేరుగా దెబ్బ కొడుతది కాబట్టి రివిజన్ ఉండాలె, బాండ్ రాయించుకొని ఎప్పుడు పిలిస్తే అప్పుడు తేవాలె అని ఇచ్చిన ఆర్డర్ మాత్రం నిజంగ తాత్కాలికమే. కాబట్టి నీ వకీలుకు చెప్పి ఈ అభ్యంతరం మొదటి వాయిదాలనే రాతపూర్వకంగ పెట్టించు. దీని మీదనే గెలుస్తం అనుకోని మిగతాది వదిలెయ్యకు.

మిగతాది ఏందంటే మేజిస్ట్రేట్ ఆర్డర్ల రాసి ఉన్న కారణాలు. రివిజన్ కోర్టు కొత్తగ సాక్ష్యం తీస్కోదు, నీ గోస మొదటి నుంచి వినదు, కింది కోర్టు ముందల ఏ కాగితాలు ఉన్నయి, వాటిని చూసి ఆ జడ్జి ఏం రాసిండు అన్నది చూస్తది. మన దగ్గర చాలా రిలీజ్ ఆర్డర్లు నాలుగు లైన్లే ఉంటయి, ఇరు పక్షాలు విన్నం, పిటిషన్ మంజూరు, ఇంత బాండ్, ఇద్దరు జమానతు, అయిపోయింది. ఆర్‌సీ ఎవరి పేరు మీద ఉన్నదో చూసిన్రా, ఇంతకు ముందు ఇదే బండి మీద కేసులు ఉన్నయా, పోలీసులు కౌంటర్ల ఏం అభ్యంతరం చెప్పిన్రు, ఇవేవీ ఉండయి. సర్కారు వకీలు సరిగ్గ అక్కడ పట్టుకుంటడు. అందుకే నేను ఎప్పుడూ చెప్పే మాట, రిలీజ్ పిటిషన్ వేసే రోజే పై కోర్టుల చూస్తరు అన్నట్టు వెయ్యాలె, ఆర్‌సీ, ఇన్సూరెన్స్, ట్రాలీకి వేరే రిజిస్ట్రేషన్ ఉంటే అది, డ్రైవర్ లైసెన్స్, పాత కేసులు లేవని అఫిడవిట్, అన్నీ లిస్టు రాసి జత చెయ్యాలె. నీ పిటిషన్ల ఇవి పెట్టి ఉంటే ఇయ్యాల నీ పని సగం తేలికైతది, జడ్జి ఆర్డర్ల రాయకపోయినా రికార్డుల ఉన్నయి కదా.

మెరిట్స్ మీద, అంటే బండి ఇయ్యాల్నా వద్దా అన్న అసలు సంగతి మీద, నీకు అండగా ఉండే పెద్ద తీర్పు సుందర్‌భాయ్ అంబాలాల్ దేశాయ్ కేసు, 2002 అక్టోబర్ 1న సుప్రీంకోర్టు ఇచ్చింది. పట్టుబడ్డ బండ్లను ఏండ్లకు ఏండ్లు స్టేషన్ల పెట్టి లాభం లేదు, తగిన బాండ్, గ్యారంటీ, అవసరమైతే సెక్యూరిటీ తీస్కొని మేజిస్ట్రేట్ వెంటనే ఆర్డర్ ఇయ్యాలె, ఇచ్చే ముందు ఫొటోలు తీసి పంచనామా రాయించాలె అని అండ్ల ఉన్నది. ఫొటోలు, పంచనామా ఉన్నంక కేసు విచారణకు బండి కంటి ముందల లేకున్నా నడుస్తది. కొత్త చట్టం దీన్ని ఇంకో మెట్టు ఎక్కించింది, సెక్షన్ 497 ప్రకారం సొత్తు కోర్టు ముందుకు వచ్చిన 14 రోజుల్ల దాని వివరాల స్టేట్‌మెంట్ తయారు చెయ్యాలె, ఫొటో గానీ వీడియో గానీ తీయించాలె, ఆ స్టేట్‌మెంట్ అయినంక 30 రోజుల్ల సొత్తును ఏం చెయ్యాల్నో ఆర్డర్ ఇయ్యాలె. బండి స్టేషన్ల ఉంచుడే మామూలు, ఇచ్చుడు దయ అన్న ఆలోచనకు ఇప్పుడు చట్టంల జాగ లేదు.

సర్కారు పక్క నుంచి ఏం వస్తదో కూడా తెల్సుకో. ఖనిజాల చట్టం, అంటే 1957 నాటి ఎంఎండీఆర్ చట్టం, సెక్షన్ 21ల 4ఏ కింద ఇట్ల పట్టిన బండిని జప్తు చేసే అధికారం కోర్టుకు ఉన్నది, జప్తు కావాల్సిన బండిని ఎట్ల ఇస్తరు అంటరు. దానికి జవాబు, ఆ సెక్షన్ జప్తు చెయ్యొచ్చు అంటది, అప్పటిదాక బాండ్ మీద ఇయ్యొద్దు అని అండ్ల ఎక్కడా లేదు, జప్తు అయిన రోజు తెచ్చి అప్పజెప్తా అని నువ్వు బాండ్ రాసిచ్చినవు. ఇసుకకు మైనింగ్ చట్టం ఉన్నది కదా, దొంగతనం కేసు ఎట్ల పెడ్తరు అన్న వాదన మాత్రం చెయ్యించకు, 2014ల సంజయ్ కేసుల సుప్రీంకోర్టు రెండూ వేర్వేరు నేరాలు, పోలీసులు దొంగతనం కింద కేసు పెట్టొచ్చు అని తేల్చేసింది. మైనింగోళ్లకు జుర్మానా కడితే మొత్తం అయిపోతది అని ఎవరన్నా చెప్పినా నమ్మకు, కాంపౌండింగ్‌తోటి మైనింగ్ చట్టం కేసు వరకే తెగుతది, దొంగతనం కేసు ఉంటది, 2020ల సుప్రీంకోర్టు జయంత్ కేసుల ఆ మాట కూడా చెప్పింది.

ఇంకో సంగతి మనసుల పెట్టుకో. వాగుల ఇసుక పోతే పక్క చేన్ల బోర్లు ఎండుతయి, దిండి పక్కన గానీ మూసీ పక్కన గానీ ఎవుసం చేసేటోళ్లను అడిగితే చెప్తరు, ఆ కోపం కోర్టుల కూడా కనబడుతది, దాన్ని తప్పు పట్టలేం. ఇదే ట్రాక్టర్ ఇంతకు ముందు ఒక్కసారి పట్టుబడి ఉంటే చాలు, రిలీజ్ ఆర్డర్ మీద రివిజన్ల నువ్వు నిలబడుడు కష్టం. మొదటిసారే అయితే ఆ ముచ్చట అఫిడవిట్ల గట్టిగ రాయించు, డ్రైవర్ నీకు తెల్వకుండ చేసిండంటే అది కూడా రాయించు, కానీ నిజమైతేనే, ఎందుకంటే రేపు విచారణల అదే కాగితం నీ ముందు పెడ్తరు.

సెషన్స్ల ఓడితే దారి మూసుకుపోదు. ఒకసారి సెషన్స్‌కు రివిజన్ పోయినోడు మళ్ల హైకోర్టుకు రివిజన్ పోవద్దు అని 438ల మూడో సబ్ సెక్షన్ ఉన్నది, కానీ ఆ అడ్డు రివిజన్ వేసినోనికే, ఇక్కడ వేసింది సర్కారు, నువ్వు కాదు. దానికి తోడు హైకోర్టు సొంత అధికారం సెక్షన్ 528, పాత 482, ఎట్లాగూ ఉన్నది.

ప్రశ్న: సార్, మాది జడ్చర్ల. నాకు ఒక్కటే లారీ. 44 నంబర్ హైవే మీద యాక్సిడెంట్ అయ్యి ఒకాయన చనిపోయిండు, కేసు నడుస్తున్నది, లారీకి ఇన్సూరెన్స్ ఉన్నది, పర్మిట్ ఉన్నది. కోర్టు రిలీజ్ ఇచ్చింది గానీ పెద్ద మొత్తానికి బ్యాంక్ గ్యారంటీ పెట్టమన్నది, పైగా కేసు తేలేదాక జిల్లా దాటొద్దు అన్నది. బ్యాంకుల అంత డబ్బు ఉంటే నేను ఫైనాన్స్ల లారీ ఎందుకు కొంట? రిలీజ్ వచ్చింది కదా, మళ్ల ఏం పిటిషన్ అంటున్నరు మా ఊరి వకీలు.
– లారీ ఓనర్ కం డ్రైవర్, జడ్చర్ల

జవాబు: తమ్మీ, లోడు బండిని జిల్లా దాటొద్దు అంటే అది రిలీజ్ చేసినట్టే కాదు, రాయచూర్ పోవద్దు, కర్నూల్ పోవద్దు, హైదరాబాద్ పోవద్దు అంటే జడ్చర్ల లారీకి ఇంకేం కిరాయి దొరుకుతది? షరతు అమలు చెయ్యలేనంత బరువుగ ఉంటే దాన్ని తగ్గించమని అడిగే హక్కు నీకు ఉన్నది, అది కోర్టుకు ఎదురు చెప్పినట్టు కాదు, బాధ పడకు.

నేనైతే ముందు అదే మేజిస్ట్రేట్ కోర్టుల షరతులు సడలించమని పిటిషన్ వేయిస్త. ఇచ్చిన రిలీజ్‌ను తిరగదోడమని అడుగుతలేవు, ఈ రెండు షరతులు మాత్రం మార్చమని అడుగుతున్నవు. దాంట్ల ఉత్త మాటలు వద్దు, లెక్క పెట్టు, నెల కిస్తీ ఎంత, ఫైనాన్స్ వాళ్ల స్టేట్‌మెంట్, లారీ ఎన్నేండ్ల పాతది, ఇన్సూరెన్స్ కంపెనీ కట్టిన విలువ ఎంత, పాత ట్రిప్పుల బిల్టీలు (లోడు రసీదులు), పర్మిట్ ఎక్కడెక్కడికి ఉన్నదో దాని కాపీ. బ్యాంక్ గ్యారంటీ బదులు ఆస్తి ఉన్నదని చూపే సాల్వెన్సీ సర్టిఫికెట్ ఉన్న జమానతుదార్లు, ఊర్ల భూమి ఉన్నోళ్లు ఇద్దరు వస్తరు అని పేర్లు, పాస్‌బుక్ కాపీలతోటి చెప్పు. సుందర్‌భాయ్ తీర్పుల సెక్యూరిటీ అవసరమైతే తీస్కోమన్నరు కాబట్టి గ్యారంటీ అడుగుడే తప్పు అని వాదిస్తే నడవది, ఈ బండికి, ఈ కేసుకు, ఈ మనిషికి అంత అవసరమా అని వాదించాలె. ఇన్సూరెన్స్ లేని బండి అయితే కోర్టు గట్టి సెక్యూరిటీ అడిగినా నేను తప్పనను, చనిపోయినాయన ఇంటోళ్లకు రేపు పరిహారం ఎక్కడి నుంచి రావాలె? నీ లారీకి ఇన్సూరెన్స్ అమల్ల ఉన్నది కాబట్టి ఆ భయం లేదని పాలసీ కాపీ చూపించి చెప్పాలె, ఇది నీ పిటిషన్ల మొదటి పేరాలనే ఉండాలె.

అక్కడ కాదంటే రివిజన్, లేకుంటే హైకోర్టుల 528. రివిజన్‌కు 90 రోజులు గడువు, ఆర్డర్ సర్టిఫైడ్ కాపీ కోసం అప్లై చేసిన రోజు నుంచి కాపీ తయారైన రోజు దాక పట్టిన టైం అండ్లకెల్లి తీసేస్తరు, కాబట్టి ఆర్డర్ వచ్చిన రోజే కాపీకి పెట్టు. ఇక్కడ ఒక ఎంపిక నువ్వే చేసుకోవాలె. సెషన్స్‌కు రివిజన్ పోతే మహబూబ్‌నగర్లనే పని అయితది, ఖర్చు తక్కువ, కానీ అక్కడ ఓడితే మళ్ల నువ్వు హైకోర్టుకు రివిజన్‌గ పోలేవు, నీ మట్టుకు అది ఆఖరు. కృష్ణన్ వర్సెస్ కృష్ణవేణి అని 1997 నాటి సుప్రీంకోర్టు తీర్పు ప్రకారం ఘోరమైన అన్యాయం కనబడితే హైకోర్టు సొంత అధికారంతోటి చూడొచ్చు గానీ, ప్రతి కేసుల అట్ల చూడరు. షరతుల గొడవ వరకైతే నా సలహా సెషన్స్‌కే పో, లారీ నిలబడి ఉన్నప్పుడు దగ్గరి కోర్టు మంచిది.

ప్రశ్న: నమస్తే అండి, మాది గద్వాల. రెండేండ్ల కింద ఒకాయన దగ్గర బొలెరో కొన్న, పైసలు మొత్తం ఇచ్చిన, స్టాంప్ పేపర్ మీద రాసుకున్నం, ఆర్‌సీ మాత్రం మార్చుకోలేదు. ఊర్ల కొట్లాట కేసుల ఆ బండి సీజ్ అయింది. నేను పిటిషన్ వేసేలోపే అమ్మినాయన ఆర్‌సీ చూపెట్టి రిలీజ్ తెచ్చుకున్నడు. ఇప్పుడు బండి ఆయన ఇంటి ముందల ఉంది. దీని మీద నేను పైకి పోవచ్చా?
– ఒక వ్యాపారి, గద్వాల

జవాబు: పోవచ్చు. కానీ ఏం అడగాల్నో తెల్సుకొని పోవాలె. మేజిస్ట్రేట్ చూసేది బండి ఎవరి స్వాధీనంల ఉండాలె అనే వరకే, అసలు ఓనర్ ఎవరు అన్నది ఈ పిటిషన్ల తేలదు, అది సివిల్ కోర్టు పని. రెండు పేర్లు ముందుకు వస్తే మామూలుగ ఆర్‌సీ ఎవరి పేరు మీద ఉంటే వాళ్ల దిక్కు మొగ్గుతరు, మోటార్ వాహనాల చట్టంల ఓనర్ అంటే ఎవరి పేరు మీద రిజిస్టర్ అయితే వాళ్లే అని ఉన్నది మరి. నీ గట్టి పాయింట్ వేరే ఉన్నది, సీజ్ అయిననాడు బండి ఎవరి చేతుల ఉన్నది? పంచనామాల ఎవరి దగ్గర పట్టిన్రు అని రాసిన్రు? రెండేండ్ల నుంచి ఇన్సూరెన్స్ ఎవరు కట్టిన్రు, సర్వీసింగ్ బిల్లులు ఎవరి ఫోన్ నంబర్ మీద ఉన్నయి, బ్యాంక్ ద్వారా పైసలు పోయినట్టు ఎంట్రీ ఉన్నదా? అమ్మినాయన ఈ అమ్మకం సంగతి కోర్టుకు చెప్పకుండ దాచి ఆర్డర్ తెచ్చుకుంటే, ఆ దాచుడు మీదనే రివిజన్ల ఆర్డర్ నిలబడుడు కష్టమైతది, మళ్ల ఇద్దరినీ విని తేల్చుమని కిందికి పంపుతరు. అట్ల వెనక్కి పంపించుడే నువ్వు అడగాల్సింది, నేరుగా నాకే ఇయ్యుండ్రి అని పై కోర్టుల పట్టుబడితే అంత తొందరగ కాదు.

రివిజన్ నడిచేలోపల ఆయన బండిని ఇంకొకనికి అమ్మకుండ, రూపు మార్చకుండ ఉండాలె అని మధ్యంతర ఆర్డర్ కూడా అడుగు. రిలీజ్ బాండ్ల ఆ షరతు ఉండే ఉంటది, దాన్ని తప్పితే సెక్షన్ 491 కింద బాండ్ జప్తు అయితది, జమానతుదార్లు కూడా ఇరుక్కుంటరు. కానీ బండి చేతులు మారినంక బాండ్ పైసలు సర్కారుకు పోతయి, నీకు రావు, అందుకే ముందే ఆపించు. ఇంకో మాట, మోటార్ వాహనాల చట్టం సెక్షన్ 50 ప్రకారం కొన్నోళ్లు 30 రోజుల్ల, అమ్మినోళ్లు ఇదే రాష్ట్రంల అయితే 14 రోజుల్ల ఆర్టీఏకు చెప్పాలె, ఇద్దరూ చెప్పలేదు. 2018ల నవీన్ కుమార్ కేసుల సుప్రీంకోర్టు యాక్సిడెంట్ అయితే ఆర్‌సీల పేరు ఉన్నోనిదే బాధ్యత అన్నది, ఆ భయం చూపెట్టి అమ్మినాయనతోటి కూర్చొని మాట్లాడుకునే దారి కూడా ఉన్నది, నేను మాత్రం అదే మంచిదంట.

ప్రశ్న: సార్, నేను సూర్యాపేటల కార్లు కిరాయికి ఇస్త. డ్రైవర్ లేకుండ కారు తీస్కపోయిన పిల్లలు కోదాడ దగ్గర గంజాయితోటి దొరికిన్రు. నా పేరు కేసుల లేదు. గంజాయి కేసుల బండి రానే రాదు అంటున్నరు, స్పెషల్ కోర్టు కూడా పిటిషన్ కొట్టేసింది. నిజమేనా?
– పేరు రాయొద్దన్నరు, సూర్యాపేట

జవాబు: రానే రాదు అనేది ఇప్పుడు నిజం కాదు. 2025 జనవరి 7న సుప్రీంకోర్టు విశ్వజిత్ దే వర్సెస్ అస్సాం కేసుల, ఎన్‌డీపీఎస్ చట్టంల, అంటే మత్తు పదార్థాల చట్టంల, బండిని మధ్యంతరంగ ఇయ్యొద్దు అనే నిషేధం లేదు అని చెప్పింది. అండ్లనే నాలుగు సందర్భాలు విడదీసింది. ఓనర్ దగ్గరనే మాల్ దొరికితే, లేకుంటే ఓనర్ పెట్టుకున్న డ్రైవర్, క్లీనర్ లాంటోళ్ల దగ్గర దొరికితే, వాళ్లు ముద్దాయిలే అయితరు కాబట్టి తమ మీద ఉన్న రుజువు భారం తీర్చుకునేదాక బండి రావుడు కష్టం. బండి దొంగతనం అయ్యి అండ్ల దొరికితే, లేదా ఓనర్‌కు తెల్సు అన్న ఆరోపణ లేకుండ మూడో మనిషి దగ్గర దొరికితే మామూలుగ ఇయ్యాలె. మీది ఆఖరిది. కాబట్టి చార్జిషీట్ల గానీ రిమాండ్ రిపోర్ట్ల గానీ మీకు తెల్సే ఇచ్చిన్రు అని ఒక్క లైన్ ఉన్నదా చూపించుకోండి, మీ కేసు మొత్తం ఆ లైన్ మీద ఆధారపడి ఉన్నది. కిరాయి అగ్రిమెంట్, తీస్కపోయినోళ్ల ఆధార్ కాపీ, జీపీఎస్ ఉంటే దాని రికార్డు, అడ్వాన్స్ ఫోన్‌పే ఎంట్రీ, అన్నీ పెట్టండి. అడిగిన వారం లోపల బండి తెచ్చి అప్పజెప్తా అని హామీ పత్రం కూడా ముందే రెడీ పెట్టుకోండి, ఆ తీర్పుల అట్లనే అడిగిన్రు. స్పెషల్ కోర్టు అంటే సెషన్స్ స్థాయి కోర్టే, కాబట్టి దాని ఆర్డర్ మీద మీరు నేరుగ హైకోర్టుకే పోవాలె.

ప్రశ్న: వకీలు గారూ, మిర్యాలగూడల మా డీసీఎంను రేషన్ బియ్యం కేసుల పట్టిన్రు. మేజిస్ట్రేట్ కోర్టు నాకు అధికారం లేదు అని పిటిషన్ వాపస్ ఇచ్చింది. దీని మీద రివిజన్ వెయ్యమంటరా?
– డీసీఎం ఓనర్, మిర్యాలగూడ

జవాబు: వద్దు, టైం పోతది. నిత్యావసర సరుకుల చట్టం కింద పట్టి కలెక్టర్ ముందు జప్తు కార్యక్రమం మొదలైతే, బండి రిలీజ్ సంగతి కూడా కలెక్టరే చూస్తడు, సెక్షన్ 6ఈ కోర్టుల అధికారం తీసేసింది, మేజిస్ట్రేట్ చేసింది సరిగ్గనే ఉంది. కలెక్టర్ నోటీసుకు జవాబు రాతపూర్వకంగ ఇయ్యాలె. నాకు గానీ నా ఏజెంట్‌కు గానీ బండి నడిపేటోనికి గానీ తెల్వకుండ జరిగింది, మేం తీస్కోవాల్సిన జాగ్రత్తలు తీస్కున్నం అని రుజువు చేస్తే 6బీ ప్రకారం బండిని జప్తు చెయ్యొద్దు. ఇక్కడ చాలా మంది ఓనర్లు చిక్కుకునేది డ్రైవర్ దగ్గర, ఓనర్‌కు తెల్వదు అంటే చాలదు, డ్రైవర్‌కు కూడా తెల్వదు అని చూపియ్యాలె, బిల్టీ, వే బిల్లు, ఎవరు లోడ్ చేయించిన్రు అన్న కాగితం లేకుంటే కష్టం. కిరాయికి నడిచే బండి అయితే జప్తు బదులు జుర్మానా కట్టే వీలు కూడా 6ఏల ఉన్నది, ఆ జుర్మానా పట్టుకున్న రోజు సరుకు మార్కెట్ ధర దాటొద్దు, దీన్ని జవాబుల తప్పకుండ అడుగు. జప్తు ఆర్డర్ వస్తే అది అందిన నెల రోజుల్ల అప్పీల్.

సారా, బెల్లం కేసుల్ల బండ్లకు కూడా దాదాపు ఇట్లనే, ఎక్సైజ్ డిప్యూటీ కమిషనర్ దగ్గర జప్తు కార్యక్రమం నడుస్తది, ఫైల్ అక్కడికి పోయిందా ఇంకా కోర్టులనే ఉన్నదా అన్నది ముందు కనుక్కొని తర్వాతనే పిటిషన్ రాయించుకోవాలె. దేవరకొండ నుంచి, అచ్చంపేట నుంచి వచ్చిన రెండు ఉత్తరాలకు జవాబు ఇదే.

ప్రశ్న: అన్నా, మా తమ్ముడు తాగి బైక్ నడిపిండని మహబూబ్‌నగర్ల బండి తీస్కున్నరు. ఆర్‌సీ నా పేరు మీద ఉంది. కోర్టుల ఆర్డర్ తెస్తేనే ఇస్తం అంటున్నరు.
– డిగ్రీ విద్యార్థి, దేవరకద్ర

జవాబు: 2021ల తెలంగాణ హైకోర్టు చెప్పింది, నడిపినోడు తాగిండన్న ఒక్క కారణం మీద బండిని సీజ్ చేసే అధికారం పోలీసులకు లేదు, పక్కన తాగని మనిషి లైసెన్స్‌తోటి ఉంటే ఆయనకు ఇయ్యాలె, లేకుంటే ఇంటోళ్లను పిలిపించి ఇయ్యాలె అని. ఆర్‌సీ, నీ లైసెన్స్, గుర్తింపు కార్డు పట్టుకొని పోయి రాతపూర్వకంగ అడుగు, ఆ దరఖాస్తు మీద స్టేషన్ ముద్ర వేయించుకో. అప్పటికీ ఇయ్యకపోతే మేజిస్ట్రేట్ దగ్గర 503 కింద పిటిషన్ వెయ్యి. తమ్ముని మీద కేసు మాత్రం వేరు, అది నడుస్తది.

ప్రశ్న: సార్, కల్వకుర్తి నుంచి రాస్తున్న. నాలుగేండ్ల కింద రిలీజ్ మీద తెచ్చుకున్న జీపు కేసు మొన్న కొట్టేసిన్రు. తీర్పుల జీపు గురించి ఏం రాయలేదు. ఇప్పుడు అమ్ముకోవచ్చునా?
– జీపు ఓనర్, కల్వకుర్తి

జవాబు: ఇప్పుడే అమ్మకండి. మీ దగ్గర ఉన్నది ఇంకా బాండ్ మీద తెచ్చుకున్న జీపే. విచారణ అయిపోయినంక సొత్తు గురించి తుది ఆర్డర్ సెక్షన్ 498 కింద రావాలె, పాత 452. తీర్పుల ఆ మాట విడిచిపెట్టిన్రు కాబట్టి అదే కోర్టుల చిన్న పిటిషన్ వేసి, జీపు నాకే శాశ్వతంగ ఇచ్చినట్టు, నా బాండ్, జమానతుదార్ల బాండ్ రద్దు అయినట్టు ఆర్డర్ తీస్కోండి. ఈ తుది ఆర్డర్ మీద ఎవరికన్నా అభ్యంతరం ఉంటే సెక్షన్ 500 కింద అప్పీల్ ఉంటది. ఆ ఆర్డర్ సర్టిఫైడ్ కాపీ ఒకటి మీ దగ్గర, ఒకటి జమానతు పడ్డోళ్ల దగ్గర ఉంచండి, వాళ్ల పాస్‌బుక్‌లు గానీ ఇంకేమన్నా ఒరిజినల్ కాగితాలు గానీ కోర్టుల డిపాజిట్ ఉంటే వాపస్ తీస్కునే మెమో కూడా అదే రోజు వెయ్యండి, అవి అయినంక అప్పీల్ గడువు కూడా దాటనిచ్చి అమ్ముకోండి.